స్నానంతో పోవలసిన మాటలు

"తీసెయ్యి."

"తీసేసినానవ్వా. నిన్ననే తీసేసినాను. ఎన్నిసార్లు చెప్పేది నీకు?"

"తీసేస్తే మీ ఉదయగిరి తాత రేపు నన్ను రావొద్దని ఎందుకు చెప్పించినాడు?"

"నేను తీసింది మా దాంట్లోంచి. అంతకు ముందే తీసుకున్నోళ్ళ దగ్గర ఉంటాది గదా. ఒక్కొక్కరి కంప్యూటర్‌లోకి పోయి తుడిచేదానికి నా వల్ల అయితాదా?"

"తుడిచే దోవ తెలీనిదానివి పూసేదెందుకు?"

"పేర్లన్నీ తీసేసి పెట్టినానవ్వా. ఒక్క పేరు కూడా లేదు అందులో."

"పేరెందుకే? ప్రెసిడెంటన్నా అని ఉండాదా లేదా? ఉదయగిరి అని ఉండాదా లేదా?"

నా మనవరాలు లాప్‌టాప్ మూత సగం దించి, మళ్ళీ ఎత్తింది. దీపాలు పెట్టే వేళ. ముందుగదిలో లైటు వెయ్యలేదు. ఆ తెర వెలుతురే పిల్ల మొహం మీద పడుతోంది. మామూలుగా అయితే లైటు వెయ్యనందుకు సంతోషించేదాన్ని.

"చెప్పు" అన్నాను.

"ఉండాది" అంది.

మర్నాడు మా చెల్లెలి సంవత్సరీకం. ఉదయగిరిలో, మా అన్న ఇంట్లో. చెల్లెలు పిల్లలు పుట్టకముందే మొగుణ్ణి పోగొట్టుకుని, మిగిలిన బతుకంతా ఆ ఇంట్లోనే ఉండి, ఆ ఇంట్లోనే పోయింది. కర్మలు చేసింది అన్నే. మేము ముగ్గురమే తోబుట్టువులం. ఇప్పుడు ఇద్దరం మిగిలాం. ఆ ఇద్దరిలో ఒకరు ఇంకొకరిని ఇంటికి రావద్దన్నారు. ఆ మధ్యాహ్నమే మా వదిన ఫోను చేసి చెప్పింది.

"నేను చెప్పలేక చెప్తా ఉండా మే. ఆయన ఆ మాట అనేసి పొలానికి పోయినాడు. ఆయన నోటితో చెప్పలేక నాతో చెప్పిస్తా ఉండాడు. నువ్వు మనసులో పెట్టుకోవాకు."

"నన్ను చెల్లెలి దగ్గరికి రావొద్దని చెప్పి, మనసులో పెట్టుకోవద్దంటే యాడ పెట్టుకోవాలి వదినా?"

ఆమె ముక్కు చీదుకుంది. తర్వాత ఫోను పెట్టేసింది.

మా అన్న ఎందుకు వద్దన్నాడో చెప్పాలంటే నా మనవరాలి ఉద్యోగం గురించి చెప్పాలి. నేను చదివింది ఐదో తరగతి. నాకు అర్థమైనంత చెబుతాను.

మేముండేది ఆత్మకూరులో. నా కొడుకూ కోడలూ సంగంలో ఎరువుల కొట్టు పెట్టుకుని అక్కడే ఉంటారు. పిల్ల మాత్రం బడికి పోయే వయసు నుంచీ నా దగ్గరే పెరిగింది. పెద్ద చదువు చదివి, కొన్నాళ్ళు హైదరాబాదులో పని చేసి, ఆ పని ఇంట్లో కూర్చుని కూడా చేసుకోవచ్చంటే మళ్ళీ నా దగ్గరికే వచ్చేసింది. ముందుగది ఇచ్చాను. కరెంటు బిల్లు నీదేనన్నాను. ఒప్పుకుంది. ఒప్పుకున్నాక తెలిసింది, రాత్రిళ్ళు మనిషి నిద్రపోయినా ఆ యంత్రం నిద్రపోదని. "ఏం చేస్తా ఉండాది అది?" అంటే, "నేర్చుకుంటా ఉండాదవ్వా" అనేది. చదువుకునే బిడ్డ పక్కన ఫ్యాను తిప్పినట్టు దానికీ ఒక ఫ్యాను.

ఆ పని ఏమిటని మొదట్లో అడిగితే లైబ్రరీ అంది. పుస్తకాలు ఏవే అన్నాను. ఇది పుస్తకాల లైబ్రరీ కాదని నవ్వి, వడ్రంగి పెట్టె లాంటిదని చెప్పింది. ఉదయగిరిలో కొయ్య గరిటెలు చెక్కేవాళ్ళ దగ్గర ఉలీ రంపమూ ఆకురాయీ అన్నీ ఒక పెట్టెలో ఉంటాయి కదా, ఆ పెట్టె ఎవరి చేతికిస్తే వాళ్ళు తమకు కావలసింది చెక్కుకుంటారు. వీళ్ళు అట్లా మాటల్ని చెక్కే పనిముట్లు చేసి పెడతారట. ఎవరైనా ఊరికే తీసుకోవచ్చునట. ఒక పనిముట్టు వాక్యాన్ని మాటలుగా విడదీస్తుంది. ఒకటి మాట చివర తగిలించినవన్నీ కోసేసి, అసలు మాట ఏదో చూపిస్తుంది. ఇంకొకటి ఎవరు, ఏం చేశారు, ఎవరిని చేశారు, ఎక్కడ చేశారు అని ఏరి పెడుతుంది. ఆ మాట మెచ్చుకోలా, కోపమా, నిందా అని చెప్పేది కూడా ఒకటి ఉందట. ఇంగ్లీషుకు ఇలాంటి పెట్టెలు లెక్కలేనన్ని. తెలుగుకు తక్కువ. ఉన్నవాటికీ పత్రికల్లో రాసే తెలుగే తెలుసు, మన నెల్లూరోళ్ళు మాట్లాడితే తికమకపడతాయి అంది. రేపు ఆసుపత్రిలోనో బ్యాంకులోనో యంత్రమే మాట్లాడితే, నీ మాట దానికి తెలియకపోతే నీ పని కాదు కదవ్వా అంది. అది సబబుగానే తోచింది.

"ఊరికే ఇచ్చేదానికి మీకు జీతం ఎవురిస్తారే?" అని అడిగాను. చెప్పింది కానీ, నాకు అది ఇప్పటికీ సరిగ్గా అర్థం కాలేదు.

పనిముట్లకు పదును పెట్టాలంటే మనుషులు మాట్లాడిన మాటలు బోలెడు కావాలట. అందుకని సాయంత్రాలు ఫోను నా ముందు పెట్టి మాట్లాడమనేది. నేను మాట్లాడే మనిషిని కాను. నూనె పాకెట్టు ఖాళీ అయితే కత్తిరించి, లోపల అంటుకున్నది పోపుకు వాడతాను. మాటను కూడా అట్లాగే, అవసరమైనంతే వాడతాను. అయినా పిల్ల అడిగిందని మజ్జిగపులుసు ఎట్లా చేసేదీ, ఈనిన గేదెకు ఏం పెట్టేదీ, నాట్ల రోజుల్లో కూలోళ్ళకు అన్నం ఎంత వండేదీ చెప్పాను. అన్నీ మళ్ళీ వినిపించేది. నా గొంతు నాకే గరుకుగా ఉండేది. "ఇవి పెట్టుకోవచ్చా అవ్వా?" అని అడిగేది. "పెట్టుకో, మజ్జిగపులుసులో దాచేదేముండాది" అనేదాన్ని. ఆ మాటలు ఇచ్చినందుకు నాకు ఈరోజుకీ విచారం లేదు. అవి అడిగి తీసుకుంది.

అడగకుండా తీసుకున్నది వేరే.

మా వైపు చావింట్లో ఆడవాళ్ళు శోకాలు పెడతారు. ఊరికే ఏడవడం కాదు, మాటలతో ఏడవడం. పోయినవాళ్ళ పక్కన కూర్చుని, వాళ్ళతో మాట్లాడుతున్నట్టే, రాగం తీసి, వాళ్ళ బతుకంతా చెప్పుకుంటూ ఏడుస్తాం. అందులో తిట్లుంటాయి. నన్ను వదిలి పోతావా దొంగదానా అని పోయినవాళ్ళనే తిడతాం. దేవుణ్ణి తిడతాం. అక్కడ నిలబడ్డ అన్ననూ, తమ్ముణ్ణీ, కోడలినీ నిలదీస్తాం. నువ్వు చూసుకోలేదు, నువ్వు నీళ్ళు పొయ్యలేదు, నువ్వే చంపావు అంటాం. చూసుకున్నారని తెలిసినా అంటాం. మనిషి పోయాక ఎవరు ఎంత చేసినా అది చాలలేదనే ఉంటుంది కాబట్టి అంటాం. ఆ మాటలు పడేవాళ్ళు తల వంచుకుని నిలబడతారు. ఎదురు చెప్పరు. శవం లేచాక ఆడవాళ్ళం తలస్నానం చేసి తడిబట్టలతో ఇంట్లోకి వస్తాం. ఆ స్నానంతో ఆ మాటలన్నీ పోతాయి. ఆ తర్వాత వాటిని ఎవరూ ఎత్తరు. పెళ్ళి భోజనాల దగ్గర జారిన చిన్న మాటకు ఏళ్ళ తరబడి పలకరించుకోని ఇళ్ళు నాకు తెలుసు. శోకంలో అన్న మాటకు అలిగిన ఇల్లు మాత్రం నేను చూడలేదు.

నేనూ పడ్డాను. నా మొగుడు పోయినప్పుడు మా ఆడబిడ్డ ఆయన పాదాలు పట్టుకుని, "పిసినారి పెళ్ళాం చేతిలో పడి, నెయ్యి చుక్క నాలికకు తగలక పోతివే అన్నా" అని ఎత్తుకుంది. ఊరంతా ఉన్నారు. ఆయనకు రోజూ నెయ్యి వేసింది నేను, డాక్టరు మానమన్నాక కూడా వేశాను. అయినా తల వంచుకుని కూర్చున్నాను. స్నానాలయ్యాక ఆ ఆడబిడ్డే నా తల తుడిచి, అన్నం కలిపి నోట్లో పెట్టింది. ఆమె వేసిన ముద్దలో నెయ్యి లేదని అప్పుడు నాకు నవ్వు కూడా వచ్చింది. ఆమెను నేను ఆ మాట ఎప్పుడూ అడగలేదు.

శోకం ఎత్తడంలో మా వాళ్ళలో నాకు పేరుంది. నేను చేరేదాకా మిగతావాళ్ళు సన్నగా ఏడుస్తూ ఉండి, నేను వచ్చి కూర్చుంటే జరిగి చోటిచ్చేవాళ్ళు. "ఏడాదంతా మిగిల్చిన మాటలన్నీ చావింట్లో ఖర్చు పెడతావే నువ్వు" అని మా చెల్లెలే నవ్వేది.

ఆ చెల్లెలు పోయిన రోజున నేను ఏమీ మిగుల్చుకోలేదు.

నిజానికి అన్న ఆమెకు తక్కువ చెయ్యలేదు. జ్వరం ముదిరి ఊపిరాడకపోతే ఆటో మాట్లాడి ఆత్మకూరు ఆసుపత్రికి తెచ్చాడు. అక్కడి నుంచి నెల్లూరు తీసుకుపోయాడు. ఇంక ఇంటికి తీసుకుపొమ్మని డాక్టర్లు అన్నాకే తీసుకుపోయాడు. మంచం గొడ్లసావిడి పక్కన వేసింది, గాలి ఆడుతుందని ఆమే అడిగితే. ఇదంతా నాకు తెలుసు. తెలిసీ, ఆమె తల ఒళ్ళో పెట్టుకుని ఎత్తుకున్నాను. "ఓ చెల్లీ, నా తల్లీ, ఊరందరి పాలూ కొలిచిన ప్రెసిడెంటన్నా, నా చెల్లికి గుక్కెడు పాలు పట్టలేకపోతివా. ఓ చెల్లీ, ఉదయగిరిలో ఇంత ఇల్లుండి నీకు మూల లేకపోయెనా తల్లీ. అయ్యో, గొడ్లసావిట్లో మంచమేసి చంపితివి గదన్నా, నా చెల్లిని చంపితివి గదన్నా."

మా అన్న ఒకప్పుడు పాల కేంద్రానికి ప్రెసిడెంటుగా చేశాడు. దిగిపోయి చాలా కాలమైనా అందరూ అట్లాగే పిలుస్తారు. శోకంలో నేనూ అట్లాగే పిలిచాను. ఆయన స్తంభం పట్టుకుని, తల వంచుకుని విన్నాడు. స్నానం చేసి నేను తడిబట్టలతో వస్తే తనే కాఫీ గ్లాసు తెచ్చి, "గొంతు పోయింది, తాగు మే" అన్నాడు. అంతటితో ఆ మాటలు ముగిసిపోయాయి.

ముగిసిపోయాయనుకున్నాను. ఆరోజు నా మనవరాలు వాకిలి దగ్గర గోడకు ఆనుకుని నిలబడి ఏడుస్తోంది. చేతిలో ఫోను ఉంది. బంధువులకు కబురు చెబుతోందనుకున్నాను.

అది ఎట్లా బయటపడిందంటే, ఉదయగిరి నుంచి పోయి ఎక్కడో ఇంజనీరింగు చదువుతున్న పిల్ల ఒకతె కాలేజీ పని కోసం వీళ్ళ పెట్టె తీసుకుంది. పనిముట్లు మాటల్ని ఎట్లా కోస్తాయో చూపించడానికి పెట్టెతోపాటు నమూనాగా కొన్ని వాక్యాలు ఇస్తారట. అందులో మజ్జిగపులుసు ఉంది, గేదె ఉంది, నా శోకమూ ఉంది. ఉదయగిరిలో ప్రెసిడెంటన్న ఎవరో ఆ పిల్లకు ఒకరు చెప్పాల్సిన పని లేదు. ఫోటో తీసి ఇంటికి పంపింది. ఆ ఇంటి నుంచి ఇంకో ఇంటికి పోయింది. మా అన్న టీ కొట్టు దగ్గర కూర్చుని ఉంటే ఎవరో, "ఏం ప్రెసిడెంటూ, గొడ్లసావిడి ఖాళీగా ఉండాదా, మా అత్తను పంపించేదా?" అన్నారట. చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారట. ఆయనకు మొదట అర్థం కాలేదట. అర్థమయ్యాక టీ సగంలో వదిలేసి లేచి వచ్చాడట. ఆ తర్వాత ఆయన బజారు వైపు పోవడం మానేశాడని ముందురోజే ఫోనులో వదిన చెప్పింది. ఆమె చెప్పేదాకా నాకు ఈ సంగతే తెలియదు. చెప్పిన వెంటనే పిల్లను నిలదీశాను. అప్పుడు తీసేసింది. తీసేసినా మర్నాటికి నాకు రావొద్దనే కబురొచ్చింది.

"చూపించు" అన్నాను.

"తీసేసినా అంటా ఉండా గదా."

"నీ దగ్గర లేకుండా ఉండదు. చూపించు."

చూపించింది. కళ్ళజోడు పెట్టుకుని, తెర మీద వేలు పెట్టి చదివాను. ఎప్పుడూ వేలు పెట్టవద్దని అరిచే పిల్ల ఆ రోజు అరవలేదు. పైన ఒక వరసలో నా మాట ఉంది. కింద రంగురంగుల గళ్ళున్నాయి. నేను చదవడం నెమ్మదే కానీ, తెలుగు తెలుగే. ఎవరు: అన్న. ఏం చేశారు: చంపు. ఎవరిని: చెల్లి. ఎక్కడ: గొడ్లసావిడి, ఉదయగిరి. భావం: నింద. దాని పక్కన ఏదో అంకె.

"ఈ అంకె ఏంది?"

"అది ఎంత నమ్మకంగా చెప్తా ఉండాదో ఆ లెక్క."

"నమ్మకంగానే చెప్తా ఉండాదా?"

"చానా నమ్మకంగా" అంది, నా వైపు చూడకుండా.

మొదటి నుంచి ఇంకోసారి చదివాను. నా మాటలే కానీ ఏదో తక్కువగా ఉంది. ఎండబెట్టిన వరుగుల్లాగా ఉన్నాయి.

"నా తల్లీ అనేది లేదే ఇందులో. అయ్యో లేదు. ప్రతి మాటకీ ఓ చెల్లీ, ఓ చెల్లీ అని పిలిచినాను గదా, అది ఏదీ?"

"అవి ముందే ఏరేస్తామవ్వా."

"ఎవురు ఏరేస్తారు?"

"దానికీ ఒక పనిముట్టు ఉండాది. ఊరికే మళ్ళీ మళ్ళీ వచ్చేవి, అర్థం లేనివి, అయ్యో, అమ్మా, ఓ అనేవి, అవన్నీ ఉంటే మిగతా పనిముట్లకు అడ్డం. జల్లెడ పట్టినట్టు పట్టేసి, మిగిలింది ఇస్తాం."

"అర్థం లేనివా?"

పిల్ల తెర మీది గళ్ళను కిందికి జరిపింది.

"నేను ఏడ్చింది వాటిల్లోనే గదే. ఏడుపు అంతా ఊడ్చి పారేసి, తిట్టు ఒక్కటి దాచి పెట్టినావే. అవి లేకపోతే అది శోకం కాదు. పోలీసు స్టేషన్లో ఇచ్చే కంప్లయింటు. మా అన్న మీద నేను కంప్లయింటు ఇచ్చినట్టు చేసి, ఊరూరా పంచినావు."

"నన్ను దొంగను చూసినట్టు చూస్తా ఉండావు నువ్వు" అంది. "నాకేం లాభం వచ్చింది దాంట్లో? నువ్వు నాతో ఎప్పుడన్నా నాలుగు మాటలు మాట్లాడినావా? అన్నానికి రా, లైటు ఆపు, ఫ్యాను ఆపు, అంతే గదా నీ నోట్లోంచి వచ్చేది. ఆరోజు నువ్వు ఎత్తుకుంటే నాకు ఒళ్ళు జలదరించింది. ఇంత మాట మా అవ్వ దగ్గర ఉండాదా అనుకున్నాను. నీతోనే పోతాదేమోనని భయమేసింది."

"పోవాల్సిందే అది. పోయేదే గనకనే అన్నాను."

"అట్టా పోతా పోతా ఉంటే మన భాషే పోతాదవ్వా."

"భాష సంగతి నాకు తెలీదు. నాకు అన్న పోతా ఉండాడు."

పిల్ల మొహం చేతుల్లో దాచుకుంది. చేతులు తియ్యకుండానే, "అడిగి ఉంటే ఇచ్చేదానివా?" అంది.

"ఇచ్చేదాన్ని కాదు."

"అందుకే అడగలేదు."

అప్పటిదాకా నేను అరుస్తూనే ఉన్నా, పట్నంలో చదివిన పిల్ల, మన పద్ధతి తెలియక చేసిందిలే అని లోపల ఒక మూల అనుకుంటూనే ఉన్నాను. తెలియకపోవడమేమిటి? చిన్నప్పుడు నా కొంగు పట్టుకుని నాతో చావు ఇళ్ళకు వచ్చింది ఈ పిల్లే. ఒకసారి స్నానం చేయిస్తుంటే, "అవ్వా, ఆ తాతను అంత తిట్టినావు గదా, ఇప్పుడు నిన్ను కొడతాడా?" అని అడిగింది. "కొట్టడు. ఆ మాటలు నీళ్ళలో పోయినాయి. ఇంక ఎవురూ ఎత్తకూడదు, నువ్వు కూడా" అని నెత్తిన నీళ్ళు పోస్తూ చెప్పింది నేను. ఎత్తకూడదని తెలిసినది, ఇవ్వనని తెలిసినది, నా పక్కనే పడుకుని లేస్తూ, నేను వండింది తింటూ, ఏడాది పాటు నాతో ఒక్క ముక్క అనకుండా ఉంది. మజ్జిగపులుసుకు మాత్రం పెట్టుకోవచ్చా అవ్వా అని అడిగింది. ఆ అడగడం కూడా ఇప్పుడు నాకు వేరేగా కనిపిస్తోంది.

బియ్యం డబ్బాకు తాళం వేసే మనిషిని నేను. కోడలి దగ్గర వేశాను, పనిమనిషి దగ్గర వేశాను. ఈ పిల్ల దగ్గర ఎప్పుడూ వెయ్యలేదు.

"రేపు నేను కూడా వస్తాను" అంది. "తాత కాళ్ళు పట్టుకుంటాను. నేను చేసినానని నేనే చెప్తాను."

"వొద్దు."

"మరి నువ్వు?"

"పోతాను."

"రావొద్దన్నాడు గదా."

"ఆయన ఇల్లే అయితే పొయ్యేదాన్ని కాదు. నా చెల్లెలు పోయిన ఇల్లు అది. ఈ ఒక్కరోజుకు అది ఆమె ఇల్లు."

ఆ పూట పిల్లకు అన్నం పెట్టాను. పెట్టి, నా కంచం తీసుకుని పెరట్లోకి పోయాను.

పొద్దున మొదటి బస్సుకే బయల్దేరాను. పిల్ల అప్పటికే లేచి వాకిట్లో నిలబడి ఉంది. "చార్జింగు పెట్టినా, తీసుకుపో అవ్వా" అని నా ఫోను అందించింది. అది ఆమె చేతిలోనే ఉండనిచ్చి వచ్చేశాను.

ఉదయగిరిలో దిగి ఇంటికి నడిచిపోయేసరికి అన్న అరుగు మీద కూర్చుని ఉన్నాడు. కర్మ చేయించే అయ్యవారు ఇంకా రాలేదు. నన్ను చూసి లేవలేదు. మొహం మాత్రం తిప్పుకోలేదు.

"రావొద్దని చెప్పించినా గదా" అన్నాడు.

"చెల్లి కోసం వచ్చినా. అన్నా, నాకు తెలీదు. నాకు తెలీకుండా చేసింది."

"నీ ఇంట్లో కూచోని చేసింది. నీ అన్నం తిని చేసింది."

చెప్పులు విడిచి అరుగు కింద నిలబడ్డాను.

"ఆరోజు నువ్వు అన్నదానికి నేను బాధపడలేదు మే. నువ్వు అడగకపోతే నన్ను ఎవురు అడగతారు అనుకున్నా. ఇప్పుడు ఊరంతా అడగతా ఉండాది. వాళ్ళకేమని చెప్పేది? అందరినీ పోయి స్నానం చెయ్యమనేదా?"

వదిన లోపలి నుంచి వచ్చి గడప దగ్గర నిలబడింది. ఆయన ఆమెను చూసి, నాకు తలతో లోపలి వైపు చూపించి, "పో. ఏడ్చేది ఉంటే ఏడువు. ఇప్పుడు వినేవాళ్ళు చానామంది ఉండారు నీకు" అన్నాడు.

లోపలికి పోయాను. చెల్లెలి ఫోటో ముందు దీపం పెట్టి ఉంది. ఆడవాళ్ళు జరిగి చోటిచ్చారు. "రామ్మా, నీ కోసమే చూస్తా ఉండాం" అంది వాళ్ళలో పెద్దామె. కూర్చున్నాను. అందరూ నా వైపే చూస్తున్నారు. నా ఎదుట కూర్చున్న ఒకామె మోకాలి పక్కన ఫోను ఉంది. వదిన ఆమెను చూసింది. ఆమె దాన్ని తీసి కొంగు కింద పెట్టుకుంది. ఓ చెల్లీ అని ఎత్తుకోవాలి. నోరు తెరిచాను. మాట రాలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నాను. కొంతసేపు చూసి పెద్దామె తనే మొదలుపెట్టింది. మాటలేమీ లేకుండా, సన్నగా ఏడ్చింది. మిగతావాళ్ళు కూడా అట్లాగే ఏడ్చారు.

అయ్యవారు వచ్చాడు. అన్న తడిపంచెతో కూర్చుని చెయ్యవలసినవన్నీ చేశాడు. వదిన నాకు విస్తరి వేసి వడ్డించింది. విస్తట్లో ఏమీ వదలకుండా తిన్నాను. అన్న మగవాళ్ళ బంతిలో తిని, చెయ్యి కడుక్కుని, తువ్వాలు భుజాన వేసుకుని పొలానికి పోయాడు. ఎప్పుడు వచ్చినా నన్ను బస్టాండు దాకా దిగబెట్టేది ఆయనే. ఆరోజు నేను ఒక్కదాన్నే నడిచిపోయి ఆత్మకూరు బస్సెక్కాను.